మా వదినకు పెట్టని ముహూర్తం

మొన్న మా వదిన పదకొండో రోజు భోజనాల దగ్గర ఒక బంధువు చేయి కడుక్కుంటూ, అందరికీ వినబడేట్టు ఒక మాట అన్నాడు. “ఏమన్న అనుండ్రి, ఆయన మనిషి కాదు, దేవుడు. కాళ్లు రాని మనిషిని ఇరవై ఏండ్లు పసిపిల్లను సాకినట్టు సాకిండు.” చుట్టూ ఉన్నవాళ్లు తలలూపారు. ఒకావిడ కళ్లు ఒత్తుకుంది. ఆ దేవుడు అక్కడే, షామియానా గుంజ పక్కన ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని ఉన్నాడు. అరవై దాటిన మనిషి. మా వదిన భర్త కాబట్టి నాకు వరుసకు అన్న. బంధువులంతా వెళ్లిపోయాక, నేను మిగిలిన అన్నం పక్కింటివాళ్లకు సర్దుతుంటే నా దగ్గరికి వచ్చి నిలబడ్డాడు. “చెల్లే, నేను సాకలేదు. మేం సంసారం చేసినం. గీ మాట చెప్పెటోళ్లు ఎవ్వలు లేరా?” అన్నాడు. ఆయన గొంతులో కోపం లేదు. నిజంగానే అడుగుతున్నాడు.

చెప్పగలిగినవాళ్లలో నేనొక్కదాన్నే మిగిలాను. మా అత్తమ్మ పోయి పదేళ్లు దాటింది. వదినకు తమ్ముడైన మా ఆయన పోయి నాలుగేళ్లు. ఇప్పుడు వదిన. అందుకని రాస్తున్నాను. వదిన బతికుండగా ఒకసారి నవ్వుతూ, “నువ్వు టీచరమ్మవు గదా, ఎన్నడన్న మా ముచ్చట రాయి. పేర్లు మాత్రం రాయకు. కొత్తవాడల మొఖం చూపియ్యద్దా మళ్ల?” అన్నది. పేర్లు రాయడం లేదు.

నేను ఆ ఇంటికి కోడలిగా వచ్చినప్పుడు నాకు ఇరవై మూడేళ్లు. హన్మకొండలో మా నాన్నది నోటుపుస్తకాల దుకాణం. అమ్మకానికి వచ్చిన నవలలు మాసిపోకుండా చదివి మళ్లీ అద్దాల బీరువాలో పెట్టేదాన్ని. అలా పెరిగినదాన్ని నేతవాళ్లుండే కొత్తవాడలో మగ్గం ఇంట్లో పడ్డాను. వీధిలోకి తెరుచుకునే ముందు గదినిండా మగ్గమే. దాని వెనక వరసగా రెండు గదులు, వంటిల్లు, చిన్న వాకిలి. నూలు దూగర సన్నటి దుమ్ములా అన్నిటి మీదా వాలేది. పచ్చడి జాడీ మీది గుడ్డ మీద, నా పుస్తకాల అంచుల మీద, పొద్దున ఉతికి ఆరేసిన చీరల మీద. రంగు వేసిన నూలుకు ఒక పుల్లటి వాసన ఉంటుంది. మొదటి నెల అది నాకు తలనొప్పి తెప్పించింది. తర్వాత సెలవులకు పుట్టింటికి వెళ్తే ఆ వాసన లేక నిద్ర పట్టేది కాదు.

వదినకు అప్పటికి ఇరవై ఎనిమిదేళ్లు ఉంటాయి. మూడేళ్ల వయసులో పోలియో వచ్చి రెండు కాళ్లూ సన్నబడిపోయాయి. ఇంట్లో నాపరాళ్ల మీద రెండు చేతులూ ఆనించి, ఒంటిని కొద్దిగా లేపి ముందుకు వేసుకుంటూ తిరిగేది. ఎంత వేగమంటే, పొయ్యి మీద పాలు పొంగుతున్నాయని నేను ముందు గదిలోంచి లేచేలోపల ఆమె వెళ్లి దించేసేది. భుజాలు, చేతులు మగవాళ్లవంత బలంగా ఉండేవి. జుట్టంటే చాలా పట్టింపు. పౌడరు కొంచెం ఎక్కువ రాసుకునేది. నా నవలలన్నీ చదివింది, కానీ చివరి పేజీ ముందు చదివేది. ఎందుకంటే, “చావుతోని అయిపోయేటియి నాకద్దు. ముందుగాల చూసుకుంట” అనేది. నేను పెళ్లయి వచ్చిన వారానికే నన్ను ఆపి, “ఓ మరదలా, మా తమ్ముడు గురక పెడ్తడు. ముక్కు పట్టుకో, ఆగుతది” అని చెప్పిన మనిషి.

జంపఖానా మగ్గం గురించి కొంచెం చెప్పాలి. అది తెలియకపోతే మిగతాది అర్థం కాదు. వెడల్పు జంపఖానా నేయాలంటే మగ్గం దగ్గర ఇద్దరు ఒకే పలక మీద పక్కపక్కన కూర్చోవాలి. ఒక్కరి చేయి ఈ అంచు నుంచి ఆ అంచుదాకా అందదు. ఎడమ సగం ఒకరిది, కుడి సగం ఇంకొకరిది. రంగు నూలును మధ్యదాకా తెచ్చి పక్కవాళ్ల చేతికి అందించాలి. తర్వాత ఇద్దరూ ఇనుప దువ్వెనలాంటి పంజాతో పోగును దగ్గరికి కొట్టాలి. కింద గుంటలోని కర్రలను కాళ్లతో తొక్కితే పైన పడుగు, అంటే నిలువు పోగులు, విడుతుంది. మామూలుగా మొగుడూ పెళ్లామో, అన్నదమ్ములో, తల్లీకూతుళ్లో అలా కూర్చుంటారు. మా ఇంట్లో మా మామయ్య, వదిన కూర్చునేవారు. ఇద్దరి తొక్కుడూ ఆయనే తొక్కేవాడు. ఆమె తన వైపు పూల పని అయిందనడానికి గుర్తుగా “ఊఁ” అనేది. ఆయన తొక్కేవాడు. రోజంతా ముందు గదిలోంచి ఆ “ఊఁ” వినబడుతూనే ఉండేదని, ఇంటికి వచ్చినవాళ్లు ఎవరో కథ చెబుతుంటే ఊకొడుతోందనుకునేవారని అత్తమ్మ చెప్పేది.

నా పెళ్లికి ఒక సంవత్సరం ముందు మామయ్య పోయాడు. మా ఆయనకు నేత రాదు, చిట్టీల ఆఫీసులో గుమాస్తా. అందుకని రఘునాథపల్లి నుంచి ఒకాయనను పనికి పెట్టుకున్నారు. ఆయన తల్లిదండ్రులు లేని మనిషి, పెళ్లి కాలేదు, చుట్టాల ఇంట్లో నేత నేర్చుకున్నాడు. మా ఇంట్లో ఆయనను ఊరి పేరుతోనే పిలిచేవారు. “రఘునాథపల్లి వచ్చిండా?” “రఘునాథపల్లికి చాయ్ పొయ్యి.” ఆయన పొద్దున ఎనిమిదింటికి వచ్చి సాయంత్రందాకా వదిన పక్కన, ఆ పలక మీద, భుజానికి భుజం తగిలేటంత దగ్గరగా కూర్చునేవాడు. మామయ్యలాగే, ఆమె “ఊఁ” అనగానే ఇద్దరి తొక్కుడూ ఆయనే తొక్కేవాడు.

ఇప్పుడు ఆలోచిస్తే వింతగా ఉంటుంది. నేను పెళ్లయిన మనిషిని. అయినా ఆయనకు చాయ్ గ్లాసు నా చేతితో అందిస్తే అత్తమ్మ ఊరుకునేది కాదు. గ్లాసు కిటికీ అరుగు మీద పెట్టి రావాలి. ఎదురింటి ఆడపిల్ల ఎవరితోనైనా రెండు నిమిషాలు గుమ్మంలో మాట్లాడితే అత్తమ్మ ఇక్కడి నుంచి దగ్గేది. అంత కట్టుదిట్టం మనిషి, తన పెళ్లికాని కూతుర్ని ఒక పరాయి మగవాడి పక్కన ఏళ్ల తరబడి కూర్చోబెట్టింది. వాడలో ఒక్కరు కూడా నోరెత్తలేదు. అది మంచితనమూ కాదు, ధైర్యమూ కాదు. ఆ పలక మీద ఒక ఆడా మగా కూర్చున్నారని ఎవరికీ తోచలేదంతే. నాకూ తోచలేదు. అప్పటికే ఆడవాళ్ల బతుకుల గురించి బోలెడు పుస్తకాలు చదివాను. బడిలో పెద్ద పిల్లలకు ఉపన్యాసాలు కూడా ఇచ్చేదాన్ని.

ఒక ఎండాకాలం సెలవుల్లో వెనక గదిలో పడుకుని చదువుకుంటున్నాను. ఏదో తక్కువైనట్టు అనిపించింది. కాసేపు తెలియలేదు. మగ్గం నడుస్తోంది, పంజా చప్పుడు వినబడుతోంది. “ఊఁ” లేదు. లేచి వెళ్లి తలుపు సందులోంచి చూశాను. ఆమె తన వైపు నూలు తిప్పుతోంది. చివరి పోగు వేళ్లలోంచి వదిలిందో లేదో ఆయన తొక్కాడు. ఆమె ఆయన వైపు చూడలేదు, ఆయన ఆమె వైపు చూడలేదు. ఆమె ఏదో మెల్లగా అంటే ఆయన తల వంచుకునే నవ్వాడు. ఆ “ఊఁ” ఎప్పుడు ఆగిపోయిందో మాలో ఎవరికీ తెలియదు. సాయంత్రం మా ఆయనకు చెబితే, “ఏండ్ల నుంచి చేస్తాండ్రు, అలవాటయింది తీ” అన్నాడు. నేనూ అలవాటే అనుకున్నాను.

ఆ తర్వాత ఒకటి రెండేళ్లకు కేసముద్రం నుంచి అత్తమ్మకు అక్క వరుసయ్యే పెద్దమ్మ ఒకావిడ సంబంధం పట్టుకుని వచ్చింది. అక్కడి మార్కెట్ యార్డులో కాంటా దగ్గర పనిచేసే మనిషి, మిషన్లో పడి కుడిచేయి పోయింది, భార్య లేదు. పెద్దమ్మ మగ్గం గదిలోనే చాప వేసుకుని కూర్చుని, తాంబూలం నములుతూ అందరి ముందూ చెప్పింది. “ఆయనకు చెయ్యి లేదు, దీనికి కాళ్లు లెవ్వు. ఇద్దర్ని కలిపితే ఒక నిండు మనిషయితది. ఇంతకన్న మంచి జోడు దొరుకుతదా చెల్లే?” అత్తమ్మ కొంగు సర్దుకుంది. వదిన చేతిలో పని ఆపలేదు.

“నేను ఇప్పుడు సగమే ఉన్ననా పెద్దమ్మా?” అంది.

“గట్ల గాదు బిడ్డా. నీకు జర ఆసరా గావాలె గదా.”

“ఆయనకు చెయ్యి లేదని నేనేం అంటలేను. మంచోడే కావచ్చు. గని నాకు కాళ్లు ఎన్నడో దొరికినయి. తొమ్మిదేండ్ల నుంచి నా పక్కన కూసోనే తొక్కుతానయి. నేను నోరు తెర్వకముందే తొక్కుతానయి. ఇగ వేరేటియి ఎందుకు నాకు?”

మగ్గం ఆగిపోయింది. అంతసేపూ గోడవైపు చూస్తున్న మా ఆయన తల తిప్పాడు. పెద్దమ్మ నోట్లో తాంబూలం అలాగే ఉండిపోయింది. రఘునాథపల్లి ఆయన గుంటలోంచి కాళ్లు తీసి, లేచి నిలబడి, చొక్కా మీది దూగర దులుపుకుని, అత్తమ్మ వైపు చూస్తూ రెండే మాటలన్నాడు. “నాకిష్టమే, అవ్వా.” ఆ తర్వాత ఏం చేయాలో తెలియలేదేమో, మళ్లీ కూర్చుని పంజా అందుకున్నాడు.

పెళ్లికి అత్తమ్మ ఒప్పుకోవడానికి నెల పట్టింది. ఇంటి కోసమే చేసుకుంటున్నాడని వాడలో కొందరన్నారు. అత్తమ్మను ఒప్పించింది ఒకటే ఆలోచన. “రేపు నేను పోతే దాన్ని ఎవలు చూస్తరు? ఈయనైతే చూస్తడు.” మేమంతా ఆ మాటే పట్టుకున్నాం. మా ఆయన ఆఫీసులో అదే చెప్పాడు. నేను బడిలో తోటి టీచర్లకు, మా ఇంట్లో ఆదర్శ వివాహం జరగబోతోందని కొంచెం గర్వంగానే చెప్పాను. ఒక చిన్న గుడిలో, ఇరవై మంది మధ్య పెళ్లి అయింది. ఆమె పీట మీద కూర్చుని ఉంటే ఆయన పుస్తె కట్టాడు. ఎర్రంచు పసుపు చీరలో వదిన చాలా బాగుంది. ఫోటోలో ఆమె ఒక్కతే నేరుగా కెమెరావైపు చూస్తూ నవ్వుతోంది. మిగతా అందరం ఎవరి చావుకో వచ్చినట్టున్నాం.

ఇక్కడే మేం చేసిన పని చెప్పాలి. మా ఇళ్లలో పెళ్లయ్యాక పంతులు దగ్గర కార్యానికి ముహూర్తం పెట్టిస్తారు. ఆడవాళ్లు గది సర్దుతారు, పెళ్లికూతురికి కొత్త చీర కడతారు, పాలగ్లాసు చేతికిచ్చి వెనక నుంచి నవ్వుతారు. నా పెళ్లికి ఇవన్నీ జరిగాయి, అప్పుడు పూలు కట్టింది వదినే. ఆమె పెళ్లికి ఎవరూ పంతుల్ని అడగలేదు. కావాలని మానేయలేదు, ఆ మాటే ఎవరికీ గుర్తు రాలేదు. పెళ్లినాటి సాయంత్రం అత్తమ్మ ఎప్పట్లాగే తన మంచం, కూతురి మంచం పక్కపక్కన వేసింది. లేవాల్సి వస్తే సాయం చేయడానికి ముప్పై ఏళ్లుగా ఆమె పక్కనే పడుకుంటోంది. అల్లుడికి మగ్గం గదిలో చాప, దిండు ఇచ్చింది. ఆయన తీసుకున్నాడు. పొద్దున లేచి ఇద్దరూ పలక మీద కూర్చున్నారు. పెళ్లికి ముందు ఎలా ఉన్నారో అలాగే ఉన్నారు. ఒక తేడా, సాయంత్రం ఆయన వెళ్లిపోయే పని తప్పింది. అత్తమ్మ ఆయనను ఇంకా “రఘునాథపల్లి” అనే పిలుస్తోంది.

అలా రెండు నెలలు గడిచాయి. ఒక ఆదివారం మధ్యాహ్నం వదిన, నేను వాకిట్లో కూర్చుని నూలు చిలపల చిక్కులు విప్పుతున్నాం. ఆమె చిలపను రెండు చేతులకూ తగిలించుకుంది, నేను ఉండ చుడుతున్నాను. ఇంట్లో ఇంకెవరూ లేరు.

“పిల్లా, నిన్నొకటి అడుగుత. నవ్వద్దు.”

“నవ్వను వదినా.”

“నీ పెండ్లయినంక పంతులు కార్యానికి ముహూర్తం పెట్టిండు గదా. మాకు పెట్టలేదేంది? మా ఇద్దరి నక్షత్రాలు కలుస్తలేవా?”

నేను నవ్వలేదు. ఉండ చుట్టడం మాత్రం ఆపలేకపోయాను. చేతులు వాటంతటవే చుడుతున్నాయి. ఏదో ఒకటి అనాలి కాబట్టి, “ఇప్పుడు తొందరేమొచ్చింది వదినా” అన్నాను. చిన్నపిల్ల జాతరకు ఎప్పుడు తీసుకెళ్తావని అడిగితే చెప్పినట్టు చెప్పాను.

“తొందర నీకు లేదు. నాకు ముప్పై ఆరేండ్లు” అంది. “నీ పుస్తకాలల్ల చూసిన. సగం దాక రాసి లైటు బంద్ చేస్తరు. ఇగ ఎవల్ని అడగాలె? అమ్మనా?” అని తనే నవ్వింది. నవ్వుతూనే కళ్లలో నీళ్లు వచ్చాయి. రెండు చేతులకూ నూలు ఉండటంతో తుడుచుకోలేకపోయింది. నేను లేచి నా కొంగుతో తుడిచాను.

“అత్తమ్మను అడగమని అన్నకు చెప్పొచ్చు కదా?”

“చెప్పిన. ఆయన భయపడ్తాండు. నన్ను ముట్టుకోవాల్నని ఉందంటే మీరందరు ఆయన్ను పశువనుకుంటరట. కాళ్లు రానిదాని మీద పడ్డడు అంటరట. చూసుకుంటడని పెండ్లి చేసిండ్రు, చూసుకుంట ఉంట అంటాండు. మొన్న పలక మీద నా చెయ్యి పట్టుకుండు. పెండ్లి కాకముందు భయం లేకుండె, ఇప్పుడు ఎవలన్న వస్తరేమో అని తలుపు దిక్కు చూస్తాండు. పెండ్లి చేసుకోని నేనేం బాగుపడ్డ పిల్లా?”

ఈ సంగతి అత్తమ్మకు చెప్తానని ఆమెకు మాటిచ్చాను. పదిహేను రోజులు చెప్పలేదు. అత్తమ్మ ఒంటరిగా దొరకలేదని నాకు నేను చెప్పుకున్నాను. పరీక్షలన్నాను. అసలు సంగతి, ఆ మాటలు నా నోట ఎలా పలకాలో నాకు తెలియలేదు. వదినకు కోరిక ఉండటం నాకే ఇంకా అలవాటు కాలేదు. ఆ పదిహేను రోజులూ వదిన నన్ను ఏమీ అడగలేదు. భోజనాల దగ్గర నా ముఖం ఒకసారి చూసి మళ్లీ కంచం వైపు చూసుకునేది. చివరికి అత్తమ్మ వంటింట్లో బియ్యంలో రాళ్లు ఏరుతుంటే ఎదురుగా కూర్చుని చెప్పేశాను. ఆమె చేట పక్కన పెట్టింది.

“దానికెందుకే గవన్ని? దాని కాళ్లల్ల జీవం లేదు. ఏం తెలుస్తది దానికి? రేపు కడుపైతే? మోస్తదా, కంటదా? చచ్చిపోతది నా బిడ్డ.” ఆమెకు కోపం రాలేదు. భయం వేసింది. ఆ భయాన్ని నేను ఊహించలేదు. అప్పుడు నాకు తోచింది ఒకటే. “డాక్టరమ్మను అడుగుదాం అత్తమ్మా. ఆమె వద్దంటే వద్దు” అన్నాను. తప్పు మాట. అలా అడగడానికి ఒప్పుకోవాల్సింది నేనూ అత్తమ్మా కాదు. కానీ వదినకు చెబితే, “పోదాం పారి, దవాఖాన కాదు, యాడికైన వస్త” అంది.

ముగ్గురం ఆటోలో వెళ్లాం. డాక్టరమ్మ నా వయసు మనిషి. పరీక్ష చేసి వచ్చి, నా వైపు తిరిగి, “ఈమెకు నెలనెలా సరిగ్గా వస్తోందా?” అని అడిగింది. బల్ల మీద కూర్చున్న వదిన, “మేడం, నన్నడుగుండ్రి. వస్తది నాకు గదా” అంది. డాక్టరమ్మ కొంచెం సిగ్గుపడి కుర్చీ ఆమె వైపు జరుపుకుంది. అప్పట్నుంచి ఆమెతోనే మాట్లాడింది. అంతా బాగుందని, భార్యాభర్తల్లా ఉండటానికి ఏ అడ్డూ లేదని, ఎలా పడుకుంటే నడుముకు నొప్పి రాదో, పిల్లలు వద్దనుకుంటే ఏం చేయాలో, కావాలనుకుంటే ఎప్పుడు రావాలో చెప్పింది. వదిన మొహమాటపడకుండా మూడు నాలుగు ప్రశ్నలు అడిగింది. పెళ్లయి ఎనిమిదేళ్లయిన నాకు వాటిలో రెండింటికి జవాబు అప్పుడే తెలిసింది.

అత్తమ్మ గోడ దగ్గర నిలబడి ఒకే ఒక్కటి అడిగింది. “కాళ్లకు ఏం తెల్వదు గదా మేడం?” పోలియో కండల బలాన్ని తీసేస్తుంది గానీ స్పర్శను ఏమీ చేయదని, ముట్టుకుంటే ఎవరికి ఎంత తెలుస్తుందో ఈమెకూ అంతే తెలుస్తుందని డాక్టరమ్మ చెప్పింది. అత్తమ్మ కూతురి వైపు చూసింది.

“ముప్పై ఏండ్లు నూనె రాసినవ్ గదనే అమ్మా” అంది వదిన, చాలా మెత్తగా. “ఎన్నడన్న అడిగినవా, చల్లగున్నదా వేడిగున్నదా అని? చలికాలం నీ చేతులు మంచు లెక్క ఉంటుండె. నువ్వు బాధపడ్తవని చెప్పకపోతుంటి.”

తిరిగి వచ్చేటప్పుడు ఆటోలో అత్తమ్మ ఒక చేయి వదిన మోకాలి మీద పెట్టి, ఇల్లు వచ్చేదాకా తీయలేదు.

మర్నాడు పొద్దున్నే అత్తమ్మ ఒక్కతే పంతులు ఇంటికి వెళ్లింది. వచ్చి చెప్పుల్లోనే గుమ్మంలో నిలబడి, మగ్గం దగ్గరి ఇద్దరికీ వినబడేట్టు నాతో చెప్పింది. “ఎల్లుండి శుక్రారం మంచిగున్నదట. ‘రెండు నెల్లాయె గదమ్మా, ఇప్పుడా’ అని పంతులు నవ్విండు. ‘ఆలస్యం మాది, పంచాంగం నీది, చూసి చెప్పు’ అన్న నేను.” ఆ తర్వాత మగ్గం వైపు తిరిగి, “అల్లుడా, ఎల్లుండి జర జల్ది లెవ్వు పని కాన్నుంచి” అంది. ఆయన తల పైకెత్తలేదు. చెవులు మాత్రం ఎర్రబడ్డాయి. వదిన పంజాను బోర్లించి పలక మీద పెట్టి, రెండు చేతుల్లో ముఖం దాచుకుని, భుజాలు ఊగిపోయేట్టు నవ్వింది. ఆమెకు సిగ్గు ఉందని ఆ రోజు దాకా నాకు తెలియదు.

శుక్రవారం అత్తమ్మ తన మంచం తనే ఈడ్చుకుంటూ మా గది బయటికి తెచ్చుకుంది. మేం పట్టుకోబోతే పట్టుకోనివ్వలేదు. ఆ గది తలుపుకు లోపలి గడియ లేదు. వదిన కిందపడితే లోపలికి పోవాలి కదా అని చిన్నప్పుడే తీసేశారట. మా ఆయన ఆఫీసు నుంచి వస్తూ ఇత్తడి గడియ ఒకటి కొనుక్కొచ్చాడు. ఎవరితోనూ మాట్లాడకుండా, ఎవరి ముఖమూ చూడకుండా మరలు పట్టుకుని తలుపు దగ్గర కూర్చున్నాడు. కాసేపు అక్కడే ఊరికే కూర్చుని, చివరికి, “అక్కా, ఎక్కడ బిగియ్యాలె?” అన్నాడు. ఆమె చేతుల మీద వచ్చి, తలుపు పక్కన కూర్చుని, చేయి చాపి చూపింది. “గీడ తమ్మీ. నాకందాలె.” అతను పెన్సిల్‌తో గీత పెట్టుకున్నాడు. బిగిస్తున్నంతసేపూ ఆమె పక్కనే కూర్చుని మరలు ఒక్కొక్కటే అందించింది. జడలో నేను పెట్టిన మల్లెపూలు ఉన్నాయి. అక్కాతమ్ముళ్లు ఇద్దరూ ఒకరినొకరు చూసుకోలేదు. ఆ పది నిమిషాల కోసమే మా ఆయనను నేను మిగతా జీవితమంతా క్షమిస్తూ వచ్చానేమో.

మర్నాడు శనివారం. మా అత్తమ్మ రోజూ అయిదింటికి లేచి బిందెలు, బకెట్లు, గిన్నెలు అన్నిటినీ లేపే మనిషి. ఆ రోజు నేను లేచేసరికి నల్లా కింద బిందెలో గుడ్డ వేసి, నీళ్ల చప్పుడు కాకుండా పడుతోంది. పాలవాడు సైకిల్ బెల్లు కొడితే గుమ్మందాకా పరిగెత్తి, “ఏందిరా, ఊరంత లేపుతవా?” అని గుసగుసగా తిట్టింది. ఏడయింది, ఎనిమిదయింది. చాయ్ పెట్టి మూత పెట్టింది, చల్లారితే మళ్లీ వెచ్చబెట్టింది. తలుపు కొట్టనా అని సైగ చేస్తే నా చేయి పట్టుకుని వెనక్కి లాగింది. ముఖంలో ఏదో ఉంది. సంతోషమని చెప్పలేను. ముప్పై ఏళ్లలో మొదటిసారి తన బిడ్డ పొద్దున ఎలా లేస్తుందో ఆమెకు తెలియదు. తొమ్మిదవుతుండగా ఎదురింటావిడ గుమ్మంలోకి వచ్చి, “ఏందక్కా, మగ్గం చప్పుడు వినస్తలేదు? ఎవలకన్న పానం బాగలేదా?” అని అడిగింది. అత్తమ్మ గుమ్మం ముందు ఊడుస్తున్నది ఊడుస్తూనే, తల ఎత్తకుండా జవాబు చెప్పింది.

“అందరు మంచిగున్నరు. ఇయ్యాల నా బిడ్డకు, అల్లునికి సెలవు.”

వాళ్లిద్దరూ ఇరవై రెండేళ్లు కాపురం చేశారు. పోట్లాడుకున్నారు, అలిగారు. ఒకసారి మూడు రోజులు మాట్లాడుకోకుండా అదే పలక మీద పక్కపక్కన కూర్చుని ఒక జంపఖానా పూర్తి చేశారు. పిల్లలు కలగలేదు. అది వాళ్ల సంగతి, రాయమని వదిన నాకు చెప్పలేదు. కిందటి ఏడు, ఆమెకు ఊపిరి అందడం కష్టమైనప్పుడు, నేను ఆ రెండు నెలల గురించి, నా పదిహేను రోజుల గురించి క్షమించమని అడిగాను. ఆమెకు గుర్తు రావడానికి కాసేపు పట్టింది. “అవునా పిల్లా, అన్ని రోజులాయెనా?” అంది. నిజంగానే మరిచిపోయింది. నేను మరిచిపోలేదు. ఒకరిని వేచి ఉండేట్టు చేసిన కాలం, వేచి ఉన్నవాళ్లకు ఎన్నడో గడిచిపోతుంది. చేసినవాళ్లకు మాత్రం అది అలాగే ఉంటుంది.